విన్నవారి బాధ్యత: ‘వొట్సెక్’ సంగీతరూపకంలో అనుసరణ, కరుణ, నైతిక ప్రశ్న

ఉపోద్ఘాతం

ఒక రచన ఒక ప్రక్రియ నుంచి మరొక ప్రక్రియలోకి మారినప్పుడు విమర్శకులు ముందుగా అడిగే ప్రశ్న మూలవిధేయతను గురించినది. మూలంలో ఏది నిలిచింది, ఏది పోయింది, ఏది కొత్తగా చేరింది అన్న లెక్క తేలితే అనుసరణ విలువ తేలినట్లే భావించడం పరిపాటి. తెలుగు సాహిత్యం తొలినాటి నుంచీ ఈ లెక్కకు పూర్తిగా లొంగనిది. భగవద్గీతను కొద్ది పద్యాలలోకి కుదించిన తిక్కన మన దృష్టిలో మూలద్రోహి కాడు. కథాగమనం తెలిసిన కవి. ఔచిత్యం ఉంటే విడిచిపెట్టడం కూడా కవికర్మలో భాగమేనని మన సంప్రదాయం అంగీకరించింది.

అయితే అనుసరణకు వస్తువు ఒక వాస్తవమైన హత్య, ఒక వాస్తవమైన మరణశిక్ష అయినప్పుడు ఔచిత్యం ఒక్కటే సరిపోదు. అక్కడ విడిచిన ప్రతి అంశం, చేర్చిన ప్రతి అంశం ఒక మనిషి దోషాన్ని గురించి ఇచ్చే తీర్పులో భాగమవుతుంది. జర్మన్ రచయిత గేయోర్గ్ బ్యుఖ్నర్ అసంపూర్ణంగా విడిచిన ‘వొయ్‌ట్సెక్’ నాటకం, దాని ఆధారంగా ఆస్ట్రియన్ స్వరకర్త ఆల్బన్ బెర్గ్ రూపొందించిన ‘వొట్సెక్’ సంగీతరూపకం ఈ సమస్యను పరిశీలించడానికి అనువైనవి. ఇక్కడ సంగీతరూపకం అన్న మాటను ఒపేరా అన్న అర్థంలో వాడుతున్నాం. నేరం ఎవరిది అన్న ప్రశ్నకు ఈ కథ చేతులు మారిన ప్రతిసారీ వేరొక సమాధానం వచ్చింది. బెర్గ్ ఆ ప్రశ్నకు సమాధానం చెప్పడం కన్నా దానిని మరొక ప్రశ్నగా మార్చాడని, ఒక బాధను విన్నవారి బాధ్యత ఏమిటన్నదే ఆ కొత్త ప్రశ్న అని నిరూపించడం ఈ వ్యాసం ఉద్దేశం.

లైప్‌జిగ్ హత్య, వైద్యుని నివేదిక

1821 జూన్ 2న లైప్‌జిగ్ నగరంలో యోహాన్ క్రిస్టియాన్ వొయ్‌ట్సెక్ అనే వ్యక్తి యోహానా వోస్ట్ అనే వితంతువును కత్తితో పొడిచి చంపాడు. అతడు విగ్గులు తయారుచేసే పని నేర్చినవాడు, కొంతకాలం సైనికుడు, ఆ తరువాత స్థిరమైన ఉపాధి లేనివాడు. తనకు గొంతులు వినిపిస్తాయని, ఎవరో తనను పురికొల్పుతున్నారని అతడు చెప్పినట్లు విచారణలో బయటపడింది. అతని మానసిక స్థితిని పరీక్షించే పని యోహాన్ క్రిస్టియాన్ ఆగస్ట్ క్లారూస్ అనే వైద్యునికి అప్పగించారు. మధ్యలో ఒకసారి శిక్ష నిలిచిపోయినా, రెండవ పరీక్ష తరువాత కూడా క్లారూస్ తన నిర్ణయాన్ని మార్చుకోలేదు. నిందితుడు తన చర్యలకు తానే బాధ్యుడని ఆయన తేల్చాడు. 1824 ఆగస్టు 27న లైప్‌జిగ్ మార్కెట్ కూడలిలో జనసమూహం ఎదుట వొయ్‌ట్సెక్‌కు శిరచ్ఛేదం జరిగింది.

క్లారూస్ నివేదికలోని తర్కం సరళమైనది. మనిషికి సంకల్పస్వేచ్ఛ ఉంది. సోమరితనం, తాగుడు, అక్రమ సంబంధం అతడు ఎంచుకున్న మార్గాలు. కనుక పర్యవసానం అతనిదే. ప్రచురించిన నివేదికకు రాసిన ముందుమాటలో ఆయన యువతరానికి ఈ శిక్షను గుణపాఠంగా చూపాడు. అంటే వైద్యుడు వైద్యంతో ఆగక నీతిబోధకుడయ్యాడు. ఈ కథకు మొదటి పాఠం వైద్యనివేదికేనని గుర్తించడం అవసరం. బ్యుఖ్నర్ నాటకం స్వతంత్ర కల్పన కాదు. అది ఒక తీర్పును తిరిగి విచారణకు తెచ్చిన రచన.

బ్యుఖ్నర్ చూపు

బ్యుఖ్నర్ 1813లో జన్మించి 1837 ఫిబ్రవరిలో జ్యూరిక్‌లో ఇరవై మూడేళ్ళకే మరణించాడు. తండ్రి వైద్యుడు. తాను కూడా వైద్యం, ప్రకృతిశాస్త్రం చదివి, చేపల నాడీవ్యవస్థపై పరిశోధన చేశాడు. 1834లో హెస్సె ప్రాంతపు రైతుల దోపిడీని పన్నుల లెక్కలతో సహా ఎండగట్టిన కరపత్రం రాసినందుకు ప్రభుత్వం వెంటాడగా 1835లో సరిహద్దు దాటి స్ట్రాస్‌బూర్గ్ చేరాడు. మనిషి శరీరాన్ని శాస్త్రదృష్టితోనూ, మనిషి పేదరికాన్ని రాజకీయదృష్టితోనూ చూడగలిగిన ఈ రచయితకు క్లారూస్ నివేదికలోని లోపం ఎక్కడుందో తెలుసు. ఆ నివేదిక వ్యక్తి ఇచ్ఛను తూచింది. ఆ ఇచ్ఛ ఏ పరిస్థితిలో బతికిందో తూచలేదు.

నాటకంలో వొయ్‌ట్సెక్ సామాన్య సైనికుడు. కెప్టెన్‌కు గడ్డం గీస్తాడు, పొదల్లో కర్రలు కోస్తాడు, డబ్బు కోసం డాక్టర్ ప్రయోగాలకు తన శరీరాన్ని అప్పగించి రోజుల తరబడి బఠాణీలు మాత్రమే తింటాడు. వచ్చిన డబ్బు మరీకి, బిడ్డకు ఇస్తాడు. చర్చి ఆశీర్వాదం లేకుండా బిడ్డను కన్నావని కెప్టెన్ ఆక్షేపిస్తే, మంచి దుస్తులు, గడియారం ఉన్న పెద్దమనిషికి నీతి సులువేనని, తనవంటి వాళ్ళకు అది అందని వస్తువని అతడు వినయంగానే చెబుతాడు. డాక్టర్ దృశ్యం మరింత నిశితమైనది. వీధిలో మూత్రవిసర్జన చేశాడని డాక్టర్ వొయ్‌ట్సెక్‌పై మండిపడతాడు. ప్రకృతి ఒత్తిడిని ఆపుకోలేకపోయానన్న సమాధానం ఆయనకు రుచించదు. మనిషి స్వేచ్ఛాజీవి అని, మూత్రాశయ కండరం సంకల్పానికి లోబడి ఉంటుందని ఆయన వాదం. క్లారూస్ వధ్యస్థలం వరకు తీసుకువెళ్ళిన సంకల్పస్వేచ్ఛా సిద్ధాంతాన్ని బ్యుఖ్నర్ మూత్రాశయం వరకు దించి చూపాడు. సిద్ధాంతం హాస్యాస్పదంగా కనిపిస్తుంది. కానీ ఆ సిద్ధాంతం పేరిటే ఒక మనిషి తల తెగిందని తెలిసిన పాఠకుడికి నవ్వు గొంతులోనే ఆగిపోతుంది.

ఇంతమాత్రాన బ్యుఖ్నర్ హంతకుని నిర్దోషిగా ప్రకటించాడని చెప్పలేం. నాటకం పూర్తికాలేదు. చివర ఏమి జరుగుతుందో నిర్ధారించే దృశ్యం రాతప్రతుల్లో లేదు. కత్తిని లోతు నీటిలోకి విసరడానికి వొయ్‌ట్సెక్ చెరువులో దిగే దృశ్యం ఉంది. హత్యను గురించి అధికారుల మాటగా ఒక చిన్న శకలం ఉంది. నాటకం న్యాయస్థానం వైపు సాగేదేమోనన్న ఊహకు ఆ శకలమే ఆధారం. రచయిత మరణం వల్ల తీర్పు వాయిదా పడింది.

మధ్యలోని చేతులు

ఆ వాయిదాను భంగపరచినవాడు తొలి పరిష్కర్త కార్ల్ ఎమిల్ ఫ్రాంట్సోస్. వెలిసిపోయిన రాతప్రతులను రసాయనాలతో కనిపించేలా చేసి, 1879లో ఆయన నాటకాన్ని బ్యుఖ్నర్ రచనల సంపుటిలో ప్రచురించాడు. ఆయన లేకపోతే ఈ నాటకం మనకు దక్కేది కాదు. అయితే ఆయన కథానాయకుని పేరును ‘వొట్సెక్’ అని పొరబడి చదివాడు. అసభ్యమని తోచిన మాటలను సవరించాడు. చెరువు దృశ్యంలో నాయకుడు మునిగిపోయినట్లు రంగసూచన చేర్చాడు. 1909లో పౌల్ లాండౌ దృశ్యాల క్రమాన్ని మార్చాడు. 1913లో మ్యూనిక్‌లో నాటకం తొలిసారి ప్రదర్శితమైంది. అప్పటికి జర్మన్ భాషా ప్రాంతాల్లో ఎక్స్‌ప్రెషనిజం బలపడుతున్నది. బాహ్యయథార్థం కన్నా అంతరంగపు ఒత్తిడికి రూపమివ్వాలని కోరిన ఆ తరానికి, తెగిపోయిన దృశ్యాలతో, భ్రాంతులతో, మాట పెగలని నాయకునితో ఉన్న ఈ పాత నాటకం తమ కోసమే రాసినట్లు తోచింది. బెర్గ్‌తో సంబంధం లేకుండా మన్‌ఫ్రెడ్ గుర్లిట్ అనే స్వరకర్త కూడా దీనిని సంగీతరూపకంగా మలచి 1926లో బ్రేమెన్‌లో ప్రదర్శించడం ఆ ఆకర్షణకు నిదర్శనం.

బెర్గ్ 1914 మే నెలలో వియన్నాలో ఈ నాటకం చూశాడు. మరుసటి సంవత్సరం సైన్యంలో చేరవలసి వచ్చింది; ఆరోగ్యం దెబ్బతిని యుద్ధశాఖ కార్యాలయంలో పనిచేశాడు. ఆ పాత్రలో తన అంశ కొంత ఉందని 1918లో భార్యకు రాసిన లేఖలో చెప్పుకున్నాడు. ఫ్రాంట్సోస్, లాండౌల పాఠం నుంచి పదిహేను దృశ్యాలను ఎంచి, మూడు అంకాలుగా అమర్చి, లిబ్రెట్టోను తానే కూర్చుకున్నాడు. 1922లో పూర్తయిన ఈ కృతిని 1925 డిసెంబరు 14న బెర్లిన్ స్టేట్ ఒపేరాలో ఎరిక్ క్లైబర్ నిర్వహణలో తొలిసారి ప్రదర్శించారు. 1920లో గేయోర్గ్ విట్కోవ్‌స్కీ పరిష్కరణ అసలు పేరును వెలికితెచ్చినా బెర్గ్ కృతికి పొరపాటు పేరే నిలిచింది.

నీతి, సంకల్పం, సంగీతరూపం

బెర్గ్ ఎంపికలలో మొదట గమనించవలసినది ప్రతి దృశ్యాన్నీ ఒక శుద్ధసంగీత రూపంలో బంధించడం. గడ్డం గీసే మొదటి దృశ్యం పాతకాలపు నృత్యాల వరుసగా నడుస్తుంది. రాజాస్థానాల మర్యాదకు చిహ్నాలైన ఆ నృత్యాలపై కెప్టెన్ నీతి పలుకుతాడు. ఆ మర్యాద అతని అలంకారమేనని వాద్యబృందం చెప్పకనే చెబుతుంది. పేదవాళ్ళను గురించి వొట్సెక్ నోరు విప్పిన చోట ఒక చిన్న స్వరగుచ్ఛం పుడుతుంది. కృతి అంతటా అది తిరిగి తిరిగి వస్తుంది. నాటకంలో ఒక సంభాషణగా వచ్చిపోయే మాట సంగీతరూపకంలో స్మృతిగా మారుతుంది.

డాక్టర్ దృశ్యంలో మార్పు మరింత ఆసక్తికరం. ఇక్కడ వొట్సెక్ చేసిన తప్పు దగ్గడం. సంకల్పానికి లోబడవలసినది మూత్రాశయం కాదు, ఉదరవితానం. బ్యుఖ్నర్ వ్యంగ్యంలోని మోటు పదును ఇక్కడ కొంత తగ్గిన మాట నిజమే. అయితే బెర్గ్ ఈ దృశ్యాన్ని పస్సకాలియా రూపంలో, పన్నెండు స్వరాల ఒకే ఇతివృత్తంపై ఇరవై ఒక్క వైవిధ్యాలుగా కూర్చాడు. అడుగున అదే స్వరవరుస ఆగకుండా నడుస్తూ ఉండగా, దానిపైన డాక్టర్ మనిషి స్వేచ్ఛను ప్రకటిస్తాడు. స్వేచ్ఛను గురించి మాట్లాడేవాడే తన మూఢవిశ్వాసపు చక్రంలో బందీ అని రూపమే వెల్లడిస్తుంది. మాటలో పోయిన విమర్శను బెర్గ్ నిర్మాణంలో తిరిగి రాబట్టాడు. మూలవిధేయతను వాక్యాల లెక్కతో కొలవరాదనడానికి ఇది బలమైన ఉదాహరణ.

చెరువు గట్టున ఇద్దరు

అసలు చిక్కు మరణదృశ్యంలో ఉంది. వాస్తవంలో వొయ్‌ట్సెక్‌ను చంపినది రాజ్యం. సంగీతరూపకంలో అతడు నీటిలో మునిగిపోతాడు. ఈ మార్పు ఫలితంగా న్యాయస్థానం, వైద్యనివేదిక, తలారి అందరూ కథ నుంచి తప్పుకున్నారు. తీర్పు ఇచ్చినవారిని విచారించడానికి పుట్టిన కథలో వారే లేకుండా పోవడం చిన్న నష్టం కాదు. రాజ్యహింస స్థానంలో విధివిలాసం వచ్చి చేరిందని, పాపానికి ప్రకృతే శిక్ష విధించిందని ప్రేక్షకుడు సరిపెట్టుకునే ప్రమాదం ఇక్కడ ఉంది. కనుక ఈ మార్పు విషయంలో బెర్గ్‌ను పూర్తిగా సమర్థించడం కష్టం.

అయితే ఆ దృశ్యం అక్కడితో ముగియదు. బ్యుఖ్నర్ రాతప్రతిలో నీటి దగ్గర ఏదో చప్పుడు విని వెళ్ళిపోయేవారు పేర్లు లేని ఇద్దరు వ్యక్తులు. సంగీతరూపకంలో ఆ ఇద్దరూ కెప్టెన్, డాక్టర్. మునిగిపోతున్న మనిషి మూలుగును వారు వింటారు. అది ఏమిటో వారికి అర్థమవుతుంది. భయపడి వేగంగా వెళ్ళిపోతారు. నీతి చెప్పినవాడూ, సంకల్పస్వేచ్ఛ చెప్పినవాడూ చివరి క్షణంలో చేయగలిగిన ఒకే ఒక్క పనిని చేయరు. రాజ్యం తెరవెనక్కి పోయినా, దాని నీతిశాస్త్రం, దాని వైద్యశాస్త్రం గట్టుమీద నిలబడి దొరికిపోయాయి. వారి నేరం చంపడం కాదు, విని వెళ్ళిపోవడం.

వినికిడి ఈ కథలో యాదృచ్ఛికమైన అంశం కాదు. ఎవరికీ వినపడని గొంతులు వొట్సెక్‌కు వినపడతాయి; దానిని పిచ్చి అంటారు. అందరికీ వినపడే అతని గొంతును కెప్టెన్, డాక్టర్ వినిపించుకోరు. దానిని పెద్దరికం అంటారు. క్లారూస్ కూడా తన ఎదుట కూర్చున్న మనిషి చెప్పినదంతా విన్నవాడే. విని, రాసుకొని, బాధ్యుడని సంతకం చేశాడు. శ్రవణమే ప్రాణమైన కళారూపంలో ఈ వస్తువు ఒదగడం వెనుక ఇంతటి అంతస్సంబంధం ఉంది.

గట్టుమీది ఇద్దరూ వెళ్ళిపోగానే రంగం ఖాళీ అవుతుంది. డి మైనర్ శ్రుతిలో వాద్యబృందం ఒక దీర్ఘ విష్కంభాన్ని వినిపిస్తుంది. అంతవరకు శ్రుతికేంద్రం తరచుగా జారిపోతూ వచ్చిన కృతిలో ఇంత స్పష్టమైన శ్రుతి వినిపించడమే ఒక సంఘటన. వెనుకటి ప్రధాన స్వరగుచ్ఛాలన్నీ ఇందులో తిరిగి వస్తాయి. 1929లో ఇచ్చిన ఉపన్యాసంలో బెర్గ్ దీనిని కథ నుంచి బయటకు వచ్చిన కర్త మాటగా, ప్రేక్షకుల ద్వారా మానవాళికి చేసే విన్నపంగా వివరించాడు. ఇప్పుడు గట్టుమీద మిగిలినది ప్రేక్షకుడు. అతడు కూడా మూలుగు విన్నవాడే. కెప్టెన్, డాక్టర్‌లకూ తనకూ తేడా ఏమిటన్న ప్రశ్న అతని ముందు నిలుస్తుంది.

కరుణ చాలునా?

ఆ విష్కంభం వినేవారికి కన్నీరు తెప్పించేంత అందమైనది. నైతిక చింతనకు అసలు ఇబ్బంది అక్కడే మొదలవుతుంది. ఒక పేదవాని పతనాన్ని అందంగా మార్చి, టిక్కెట్టు కొన్నవారికి ఆస్వాదయోగ్యం చేయడం న్యాయమేనా? ఈ ప్రశ్నకు మన ఆలంకారికులు తమ పరిభాషలో సమాధానం వెతికారు. కరుణరసం దుఃఖమే ఇస్తే ఎవరూ దానిని కోరుకోరని, సహృదయుల అనుభవమే అది ఆనందమయమనడానికి ప్రమాణమని విశ్వనాథుడు సాహిత్యదర్పణంలో వాదించాడు. భట్టనాయకుడు ప్రతిపాదించిన సాధారణీకరణం ఆ ఆనందానికి మార్గం చూపింది. శోకం ఒకానొక వ్యక్తికి చెందినదిగా కాక, దేశకాలాల పరిమితి వీడినప్పుడే రసమవుతుంది.

సీతారాముల శోకానికి ఈ సిద్ధాంతం చక్కగా అన్వయిస్తుంది. వొట్సెక్ విషయంలో మాత్రం అది ఒక చిక్కు తెస్తుంది. అతని దుఃఖానికి కారణాలున్నాయి. ఆ కారణాలకు పేర్లున్నాయి: జీతం చాలని కొలువు, శరీరాన్ని అమ్ముకోవలసిన అవసరం, అవమానం. సాధారణీకరణంలో వ్యక్తి విశేషాలతో పాటు ఈ కారణాలూ కరిగిపోతే మిగిలేది మానవజీవితం దుఃఖమయమన్న సామాన్య నిట్టూర్పు. నిట్టూర్పు విడిచినవాడు బాధ్యత తీరిందనుకొని ఇంటికి వెళ్ళగలడు. ఆ అర్థంలో కరుణ కూడా గట్టు విడిచి వెళ్ళడానికి ఒక దారి కాగలదు.

ఈ ప్రమాదాన్ని బెర్గ్ ఎరిగే చివరి దృశ్యాన్ని నిలిపాడని భావించడానికి ఆధారం ఉంది. విష్కంభంతో కృతి ముగిసి ఉంటే రసపరిపాకం పూర్తయ్యేది. అలా జరగలేదు. ఉదయం. పిల్లలు ఆడుకుంటున్నారు. మరీ కొడుకు కర్రగుర్రం ఎక్కి ఉన్నాడు. నీ తల్లి చనిపోయిందని ఒక పిల్లవాడు చెబుతాడు. మిగిలినవారు శవాన్ని చూడటానికి పరుగెత్తుతారు. ఆ బిడ్డ ఇంకా గుర్రం మీద గెంతుతూ, కాసేపు తటపటాయించి, వారి వెంట వెళతాడు. సంగీతం ఏకరీతి నడకతో సాగి, ముగింపు పలకకుండానే ఆగిపోతుంది. కృతి చివరి అంచు తొలి అంచుతో కలిసే విధంగా ఉందని బెర్గ్ స్వయంగా చెప్పాడు. రేపు ఈ బిడ్డ ఎవరికి గడ్డం గీస్తాడో, ఎవరి ప్రయోగానికి శరీరం ఇస్తాడో శ్రోత ఊహించుకోవలసిందే. ఏడ్చి తేలికపడిన మనస్సుపై ఈ దృశ్యం మళ్ళీ బరువు మోపుతుంది. కరుణను రసంగా పండించి, దానిని విశ్రాంతిగా మారనివ్వకపోవడం ఈ అనుసరణ సాధించిన నైతిక విజయం.

చనిపోయిన స్త్రీ

హంతకునిపై కరుణ పెరిగేకొద్దీ హతురాలు మరుగున పడే అవకాశం ఎప్పుడూ ఉంటుంది. పరిస్థితులే నేరస్థులైతే, కత్తివేటుకు గురైన స్త్రీ పరిస్థితులకు ఎవరు జవాబుదారి? మరీ కూడా వొట్సెక్ అంత పేదది. డ్రమ్ మేజర్ ఇచ్చిన చెవిపోగులను పగిలిన అద్దం ముక్కలో చూసుకునే స్త్రీ కోరిక సామాన్యమైనది. అందుకు ఆమె చెల్లించిన మూల్యం ప్రాణం. క్లారూస్ తర్కాన్ని తిరస్కరించే తొందరలో వొట్సెక్ చేతిని అతని చేయి కాదనడం ఆమెకు మరొక అన్యాయం.

బెర్గ్ ఇక్కడ జాగ్రత్త వహించాడు. హత్యకు ముందు మరీ ఒంటరిగా బైబిలు చదువుకునే దృశ్యంలో పశ్చాత్తాపం ఆమె మాటగానే వినిపిస్తుంది. హత్యాదృశ్యం అంతటా ‘బి’ అనే ఒకే స్వరం వేర్వేరు స్థాయిల్లో నిలిచి ఉంటుంది. ఆమె ప్రాణం పోయే క్షణంలో ఆమెకు సంబంధించిన స్వరగుచ్ఛాలన్నీ, జోలపాటతో సహా, అతివేగంగా దొర్లిపోతాయి. చనిపోయేవారి కళ్ళముందు జీవితం కదలాడినట్లుగా దీనిని బెర్గ్ భావించాడు. ఆ క్షణంలో శ్రోత హంతకుని మనస్సులో కాక హతురాలి స్మృతిలో ఉంటాడు. తరువాత అదే ‘బి’ స్వరాన్ని వాద్యబృందం అంతా అందుకొని, చిన్నగా మొదలై చెవులు భరించలేనంతగా పెంచుతుంది. పరిస్థితుల ఒత్తిడి, వ్యక్తి చేసిన పని అనే రెండింటిలో ఏ ఒక్కదానినీ రద్దు చేయకుండా కృతి రెండింటినీ మోస్తుంది.

ముగింపు

క్లారూస్ దృష్టిలో నేరం వ్యక్తిది. బ్యుఖ్నర్ ఆ తీర్పును తిరగదోడి, ముగించకుండానే వెళ్ళిపోయాడు. ఫ్రాంట్సోస్ దానికి ఒక ముగింపు కల్పించాడు. బెర్గ్ ఆ కల్పిత ముగింపును స్వీకరించి, దాని గట్టుమీద ఇద్దరిని, వారి తరువాత ప్రేక్షకులను నిలిపాడు. ఈ క్రమంలో రాజ్యం చేసిన హత్య కనుమరుగైన మాట వాస్తవం. ఆ లోటును మరువకుండానే, మూలంలోని ప్రశ్నను ఆరనివ్వకపోవడం అనుసర్త ప్రథమధర్మమని ఈ కృతి ఆధారంగా చెప్పవచ్చు. పేరు తప్పినా, మాట మారినా, దృశ్యాల క్రమం చెదిరినా, తీర్పు తేలికగా ఇవ్వకూడదన్న బ్యుఖ్నర్ పట్టుదల నిలిచింది.

అనుసరణను పరిశీలించే మన పరిశోధనల్లో మూలంతో పోలిక పట్టికలు సమృద్ధిగా ఉంటాయి. వాస్తవ నేరం, వాస్తవ బాధ వస్తువులైన రచనల విషయంలో ఆ పట్టికల పక్కన మరొక ప్రశ్న చేర్చవలసి ఉంది: ఈ మార్పు వల్ల ఎవరు విచారణ నుంచి తప్పించుకున్నారు, ఎవరు కొత్తగా బోనులోకి వచ్చారు? ‘వొట్సెక్’ విషయంలో తలారి తప్పించుకున్నాడు. శ్రోత బోనులోకి వచ్చాడు. ఈ మార్పిడి న్యాయమైనదో కాదో తేల్చవలసిన భారం కూడా విన్నవారిదే.